నేను ఓటు వెయ్యని మనిషి

పోయిన నెల శంషాబాద్ ఎయిర్‌పోర్టుకు పోతూ మెహిదీపట్నం దగ్గర ఫ్లైఓవర్ ఎక్కాం. క్యాబ్ నడిపే కుర్రాడు ఫోన్‌లో ఎవరికో దారి చెబుతున్నాడు. "పీవీ పిల్లర్ల నంబర్లు చూసుకుంటా రా, కన్ఫ్యూజ్ కావు" అని. ఫోన్ పెట్టేశాక ఊరికే అడిగాను, పీవీ అంటే ఎవరో తెలుసా బాబూ అని.

"పెద్ద లీడరంట సార్. సీఎం అనుకుంటా" అన్నాడు.

తప్పేమీ కాదు. సీఎంగా కూడా చేశాడు. మిగతాది చెప్పబోయి ఊరుకున్నాను. 11.6 కిలోమీటర్ల వంతెన అది. ఆరాంఘర్ వచ్చేదాకా కిటికీలోంచి పిల్లల్లాగా బయటికి చూస్తూ కూర్చున్నాను. పీవీ నరసింహారావు పోటీ చేసిన రెండు చోట్ల నేను ఉన్నాను. రెండుసార్లూ పోలింగు రోజున ఆ నియోజకవర్గంలోనే ఉన్నాను. ఒక్కసారీ ఆయనకు ఓటు వెయ్యలేదు. ఆయనకు వ్యతిరేకంగానూ వెయ్యలేదు. అదెలాగో చెప్పాలంటే మా బాపు దగ్గర మొదలుపెట్టాలి.

మాది హనుమకొండ. బాపు సర్కారు బడిలో తెలుగు పండితుడు. అమ్మ తల్లిగారి ఊరు వంగరకు రెండు కోసుల దూరం. పీవీ పుట్టింది నర్సంపేట దిక్కు లక్నేపల్లిలో, 1921 జూన్ 28న. దత్తత పోయి పెరిగింది వంగరలో. అందుకని మా ఇంట్లో ఆయన పేరు ఎప్పుడొచ్చినా బాపు అమ్మ వైపు చూసి, "మీ ఊరాయన" అనేవాడు. అమ్మ ఔననేది కాదు, కాదనేది కాదు. బియ్యంలో రాళ్ళు ఏరుకుంటూ ఉండేది. రాజకీయాల మీద మా అమ్మ నోటి నుంచి ఒక మాట వినడం నాకు గుర్తు లేదు. ఒక్కసారి తప్ప. అది చివర్లో చెబుతాను.

బాపు చెక్కపెట్టెలో పాత ధోతి ముక్కలో కట్టిన కాగితాల మూట ఒకటి ఉండేది. కాకతీయ పత్రిక సంచికలు. వరంగల్ నుంచి పీవీ, పాములపర్తి సదాశివరావు కలిసి నడిపిన పత్రిక. ఇద్దరూ జయ–విజయ అనే పేర్లతో రాసేవారు. బాపు విద్యార్థిగా ఉన్నప్పుడు చదివి దాచుకున్నవి. చెదలు సగం తినేశాయి. మిగిలిన సగాన్ని మమ్మల్ని ముట్టుకోనిచ్చేవాడు కాదు. బాపుకు పీవీ అంటే ముందు రచయిత, తర్వాతే మంత్రి. విశ్వనాథ వారి వేయిపడగలును హిందీలోకి తెచ్చిన మనిషి, మరాఠీ నవలను తెలుగులోకి తెచ్చిన మనిషి, తెలుగు అకాడమీ పెట్టినప్పుడు దానికి మొదటి అధ్యక్షుడు. వందేమాతరం పాడినందుకు ఇక్కడ చదువు పోగొట్టుకుని నాగపూర్ పోయి చదువుకున్నవాడు. ఆ కథ చెప్పేటప్పుడు మాత్రం బాపు గొంతు మారేది. హనుమకొండలో మేం రోజూ నడిచే రోడ్ల మీదే నిజాం రాజ్యంలో ఆ పాట పాడి పిల్లలు బడి నుంచి వెళ్ళగొట్టించుకున్నారంటే మాకు నమ్మబుద్ధయ్యేది కాదు.

పదవుల సంగతి కూడా చెప్పేవాడు గానీ, ఎక్కాలు అప్పజెప్పినట్టు గబగబా చెప్పేవాడు. 1952లో కరీంనగర్ పార్లమెంటుకు నిలబడి బద్దం ఎల్లారెడ్డి చేతిలో ఓడాడు. 1957 నుంచి మంథని ఎమ్మెల్యే, వరసగా నాలుగుసార్లు. మంత్రి. 1971 సెప్టెంబరులో ముఖ్యమంత్రి. అక్కడికొచ్చేసరికి బాపు నెమ్మదించేవాడు. ఎందుకంటే అక్కడ మా ఊరి దొర కథ వస్తుంది.

మా తాతల ఊళ్ళో దొరకు ఎంత భూమి ఉండేదో దొరకే సరిగా తెలియదని చెప్పుకునేవారు. పీవీ ముఖ్యమంత్రిగా భూపరిమితి చట్టం తెచ్చాడు. కుటుంబానికి తరి, అంటే నీళ్ళ పారకం ఉన్న భూమి అయితే నేలను బట్టి 10 నుంచి 27 ఎకరాలు, ఖుష్కి, అంటే మెట్ట అయితే 35 నుంచి 54. అంతకు మించి ఉన్నది సర్కారుకు అప్పజెప్పాలి. దొర గడీలో పట్వారీకి నిద్ర లేకుండా పోయింది. జీతగాళ్ళ పేర, చుట్టాల పేర, ఉన్నవాళ్ళ పేర, లేనివాళ్ళ పేర కాగితాలు పుట్టాయి. మా చిన్నతాత పేర కూడా ఏడెకరాలు ఎక్కించారట. ఆయన చచ్చిపోయేదాకా ఆ ఏడెకరాల్లో గట్టు మీద కూర్చుని చుట్ట తాగడమే తప్ప నాగలి పెట్టింది లేదు. చట్టం అమలు సంగతి అలా ఏడ్చింది. అయినా దొరకు పీవీ పేరెత్తితే అన్నం సహించేది కాదట. పీవీ తన భూమి కూడా వదులుకున్నాడు. ఆయనదీ అలాంటి ఇల్లే మరి.

"సొంతోళ్ళ భూముల మీదికే చట్టం తెచ్చినోడు సొంతోళ్ళకు పగోడు గాక ఏమైతడు రా" అనేవాడు బాపు.

1972 అక్టోబరులో, తెలంగాణలో సర్కారు ఉద్యోగాలు స్థానికులకే అనే ముల్కీ నిబంధనలు చెల్లుతాయని సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. కోర్టు చెప్పిందే ఆఖరి మాట అన్న ధోరణిలో పీవీ మాట్లాడేసరికి కోస్తాలో ఆంధ్రను వేరే రాష్ట్రం చెయ్యాలనే జై ఆంధ్ర ఉద్యమం భగ్గుమంది. 1973 జనవరిలో కుర్చీ పోయింది, రాష్ట్రపతి పాలన వచ్చింది. అంతకుముందు మూడు నాలుగేళ్ళ కింద ప్రత్యేక తెలంగాణ అన్నవాళ్ళకు ఆయన సమైక్యవాది. తర్వాత జై ఆంధ్ర అన్నవాళ్ళకు ఆయన తెలంగాణవాడు. ఇటూ కాలేదు, అటూ కాలేదు. ఆయన రాజకీయం మొత్తం ఇంతేనేమో అని నాకు ఇప్పుడు అనిపిస్తుంది గానీ అప్పుడు నేను తొమ్మిదేళ్ళ పిల్లగాణ్ణి, నాకేం తెలుసు. ఆ కాలంలో ఆయన చేసిన పనుల్లో మాకు కంటికి కనపడింది ఒక్కటే. మా పక్కింటి చాకలి మల్లయ్య కొడుకు పరీక్ష రాసి సర్వేలు గురుకులానికి పోయాడు. నల్గొండ జిల్లాలో 1971లో మొదలైన బడి అది. వాడు సెలవులకు వచ్చినప్పుడు వాడి మాట, నడక, చేతిరాత చూసి బాపు నన్ను తిట్టడం మొదలుపెట్టేవాడు. అలా చూస్తే పీవీ మీద నా మొదటి అభిప్రాయం మంచిదేమీ కాదు.

1984కు వద్దాం.

అప్పటికి ఆయన రెండుసార్లు హనుమకొండ ఎంపీగా గెలిచి ఉన్నాడు, 1977లోనూ 1980లోనూ. ఢిల్లీలో విదేశాంగ మంత్రి, ఆ ఏడు జులై నుంచి హోం మంత్రి. పేపర్లో ఫోటో అమెరికాలోనో రష్యాలోనో ఉండేది గానీ హుస్నాబాద్‌లో ఉండేది కాదు. ఆగస్టులో ఎన్టీఆర్‌ను గద్దె దింపి నెల తిరిగేసరికి మళ్ళీ ఎక్కించాల్సి వచ్చింది. ఊళ్ళలో కాంగ్రెస్ మీద కోపం కుతకుత ఉడుకుతోంది. అక్టోబరు 31న ఇందిరాగాంధీ హత్య, ఆ వెంటనే ఢిల్లీలో సిక్కుల ఊచకోత. హోం మంత్రి మనవాడే. బాపు రేడియో ఆపేసి బయటికి వెళ్ళిపోయేవాడు ఆ రోజుల్లో.

డిసెంబరులో ఎన్నికలు. పీవీ హనుమకొండలోనూ, మహారాష్ట్రలో రాంటెక్‌లోనూ నామినేషన్ వేశాడు. అది మావాళ్ళకు ఎక్కడ గుచ్చుకోవాలో అక్కడ గుచ్చుకుంది. రెండు పడవలు, ఓటమి భయం, పారిపోయేవాడికి ఓటెందుకు... హోటళ్ళలో ఇదే ముచ్చట. బాపు మాత్రం ఇంకో రకంగా బాధపడ్డాడు. పండితుడు కదా.

"రాంటెక్ అంటే ఏంది రా? రామగిరి. మేఘసందేశంల యక్షుడు శాపం తగిలి ఏడాది ఉన్నది ఆడనే అంటరు. మన మంథని పక్కన కూడ రామగిరి ఖిల్లా ఉన్నది, కాళిదాసు చెప్పింది దీని గురించే అని మనోళ్ళు అంటరు. గీ రామగిరిని ఇడిసిపెట్టి గా రామగిరికి పోయిండు పెద్దమనిషి."

ఎదురు నిలబడ్డది బీజేపీ నుంచి చందుపట్ల జంగారెడ్డి. పాత జనసంఘం మనిషి, పేరు పెట్టి పిలిస్తే పలికే మనిషి. తెలుగుదేశం మద్దతు ఆయనకే.

ఆ ఎన్నికల్లోనే నేను పీవీని కళ్ళారా చూశాను. అదొక్కసారే, ప్రాణంతో. సాయంత్రం చలిలో మైదానం దగ్గరికి స్నేహితులతో పోయాను. తెల్ల ధోతి, లాల్చీ, భుజం మీద కండువా. పెదవి ముందుకు పెట్టి, ఎవరో లెక్క తప్పుగా చేస్తుంటే చూస్తున్న మాస్టారిలా జనాన్ని చూశాడు. మాట్లాడటం మొదలుపెట్టాడు. మంచి తెలుగు. ఒక్క మాట తొందరగా రాలేదు, ఒక్క మాట గట్టిగా రాలేదు. చప్పట్లు కొట్టాల్సిన చోట ఆగలేదు, ఎవరూ కొట్టని చోట ఆగాడు. అప్పటికి రెండేళ్ళుగా మేం ఎన్టీఆర్ ఉపన్యాసాలు విని ఉన్నాం. చెవులు ఆ మోతకు అలవాటు పడిపోయాయి. మా వెనక నిలబడ్డవాళ్ళు మెల్లగా జారుకోవడం మొదలైంది. మేమూ మిర్చిబజ్జీల బండి దగ్గరికి జారుకున్నాం. ఆ రోజు ఆయన ఏం చెప్పాడో ఒక్క ముక్క గుర్తు లేదు. బజ్జీలు గుర్తున్నాయి.

నాకు 20 ఏళ్ళు. అప్పట్లో ఓటు హక్కు 21కి. పద్దెనిమిదికి తగ్గించింది 1989లో. కాబట్టి పోలింగు రోజున అమ్మానాన్నలను బడి దాకా దిగబెట్టి గేటు బయట నిలబడ్డాను. గేటు దాకా వచ్చాక కూడా బాపు అమ్మకు మళ్ళీ ఒకసారి చెప్పాడు, "పువ్వు గుర్తు, మర్చిపోకు." కాకతీయ పత్రిక మూట ఇంట్లో దాచుకున్న మనిషి పువ్వుకు ఓటేశాడు. ఎందుకని అప్పుడడిగితే "నా కోపం నాది" అన్నాడు.

ఫలితాలు తెలిసిందేగా. దేశమంతా కాంగ్రెస్‌కు 400 పైగా సీట్లు. మా రాష్ట్రంలో తెలుగుదేశానికి 30. బీజేపీకి దేశం మొత్తం మీద రెండే రెండు, ఒకటి గుజరాత్‌లో మెహసానా, రెండోది మా హనుమకొండ. పీవీ దాదాపు 54 వేల ఓట్లతో ఓడాడు. అంత గాలిలో దేశ హోం మంత్రిని ఓడించామని మా ఊళ్ళో రంగులు చల్లుకున్నారు. రాంటెక్‌లో గెలిచాడు గనుక వారం తిరక్కుండానే రక్షణ మంత్రి అయ్యాడు. ఆ తర్వాత మానవ వనరుల శాఖ. నవోదయ విద్యాలయాలు అప్పుడు పుట్టినవే. సర్వేలులో వేసిన విత్తనమే దేశమంతా నాటాడని బాపు అనేవాడు. ఓటెయ్యలేదు గానీ పొగడడం మానలేదు. మా ఇంటి పద్ధతే అంత.

ఏడాదిన్నర తిరగకుండా నాకు బ్యాంకులో క్లర్కు ఉద్యోగం వచ్చింది. మూడో బదిలీలో నంద్యాల పడ్డాను. 1990. వరంగల్ వాణ్ణి అక్కడ ఎంత వింతగా చూశారో, నేను వాళ్ళ మాటను అంత వింతగా విన్నాను. "ఏమప్పా, యాడ నుంచి వస్తివి?" అనేది మొదటి ప్రశ్న. నల్లరేగడి నేల, కేసీ కెనాల్, పత్తి జిన్నింగు మిల్లులు, ఊరి చుట్టూ నవనందులు, ఎండ. హనుమకొండ ఎండే ఎండ అనుకునేవాణ్ణి. అక్కడ నేను చేసేది బంగారం లోన్ల కౌంటరు. పక్కన అప్రైజరు గీటురాయి మీద గీసి, తూకం వేసి చెబితే, నేను రిజిస్టరు రాసి, సంచికి సీలు వేసేవాణ్ణి.

1991 వేసవి అంతా టెన్షనే. మే 21న రాజీవ్‌గాంధీ హత్య. ఆ ఎన్నికల్లో పీవీ అసలు పోటీయే చెయ్యలేదు. గుండె ఆపరేషన్ అయిన మనిషి, పుస్తకాలు సర్దుకుని ఢిల్లీ ఖాళీ చేసే పనిలో ఉన్నాడని పేపర్లో చదివాం. అలాంటి మనిషి జూన్ 21న ప్రధానమంత్రిగా ప్రమాణం చేశాడు. బాపు నుంచి ఇన్‌లాండ్ లెటరు వచ్చింది. మామూలుగా నాలుగు వైపులా నింపేవాడు. ఆ ఉత్తరంలో క్షేమ సమాచారాల తర్వాత ఒకటే వాక్యం: "మంథని ఎమ్మెల్యే ఢిల్లీ గద్దె మీద కూర్చున్నడు." అడుగున తేదీ, సంతకం.

సంతోషపడే తీరిక ఎవరికీ లేదు. దేశం దగ్గర విదేశీ మారకం రెండు వారాల దిగుమతులకు కూడా చాలని పరిస్థితి. జులై మొదట్లో మూడు రోజుల్లో రెండుసార్లు రూపాయి విలువ తగ్గించారు. రిజర్వు బ్యాంకు 47 టన్నుల దాకా బంగారం విమానాల్లో లండన్‌కు తరలించి తాకట్టు పెట్టింది. ఆ వార్త పేపర్లో వచ్చిన మర్నాడు మా కౌంటరుకు ఒక పెద్దాయన వచ్చాడు. పాణ్యం వైపు రైతు. విత్తనాలకనో ఎరువులకనో భార్య మెడలో గొలుసు తెచ్చాడు. మామూలుగా ఆ కౌంటరు దగ్గర ఎవరూ తల ఎత్తి మాట్లాడరు. తెలిసినవాళ్ళు ఎవరైనా చూస్తారేమో అని అటూ ఇటూ చూస్తారు. ఆ రోజు ఆయన గొలుసు బల్ల మీద పెట్టి, నవ్వి, అందరికీ వినపడేటట్టు అన్నాడు:

"దేశానికే తప్పలేదంట గదా సారూ, నాకేం సిగ్గు!"

అప్రైజరు గీటురాయి పక్కన పెట్టి మరీ నవ్వాడు. దేశం బంగారం కొద్ది నెలల్లో విడిపించుకున్నారు. ఆయన గొలుసు కూడా సంక్రాంతికి విడిపించుకున్నాడు, అదీ చెప్పాలి.

జులై 24న పొద్దున కొత్త పారిశ్రామిక విధానం, సాయంత్రం మన్మోహన్ సింగ్ బడ్జెట్టు. లైసెన్సులు చాలావరకు ఎత్తేశారు. పరిశ్రమల శాఖ ప్రధాని దగ్గరే ఉండేది గనుక ఆ పొద్దుటి పని పీవీదే, కానీ జనం నోట్లో సాయంత్రం పేరే నిలిచింది. ఆయన స్వభావమూ అదే, ఎదుటివాణ్ణి ముందు నిలబెట్టి తను వెనక్కి జరగడం. బ్యాంకుల మీద నరసింహం కమిటీ వేశారు. నరసింహం అంటే రిజర్వు బ్యాంకు మాజీ గవర్నరు. మా బ్రాంచికి వచ్చే సగం మంది అది నరసింహారావు కమిటీ అనే అనుకున్నారు. మా యూనియన్ సమ్మెకు పిలుపునిచ్చింది. నేనూ ఎర్ర బ్యాడ్జీ పెట్టుకుని బ్రాంచి ముందు నిలబడి నినాదాలు ఇచ్చాను. కంప్యూటర్లు వద్దన్నాం. మేం వద్దన్న కంప్యూటరును ఆయన అరవై దాటాక కూర్చుని నేర్చుకున్నాడని తర్వాత చదివి కొంచెం సిగ్గుపడ్డాను. నేను నేర్చుకోవడానికి 1999 దాకా పట్టింది, అదీ మేనేజరు తిడితే.

ప్రధాని అయ్యాడు గానీ ఆయన ఎంపీ కాదు. ఆరు నెలల్లో గెలవాలి. ఎక్కడ? నంద్యాలలో! అక్కడి ఎంపీ గంగుల ప్రతాపరెడ్డి రాజీనామా చేసి సీటు ఇచ్చాడు. నా ఆశ్చర్యం చూడాలి. హనుమకొండలో ఓడిన మనిషి నేనున్న ఊరు వెతుక్కుంటూ వచ్చాడు. నంద్యాలవాళ్ళకు మాత్రం ఇది కొత్త కాదు. 1977లో రాష్ట్రంలో 42 సీట్లలో 41 కాంగ్రెస్‌కు పోతే, జనతా పార్టీ తరఫున గెలిచిన ఒక్క నీలం సంజీవరెడ్డిని పంపింది వీళ్ళే. ఆయన రాష్ట్రపతి అయ్యాడు. "రాష్ట్రపతి నిస్తిమి, ప్రధానమంత్రి నిస్తిమి, మా ఊరికి మాత్రం మురిక్కాలువ లేదు" అని మా బ్రాంచి అటెండరు రోజూ అనేవాడు.

తెలుగువాడు మొదటిసారి ప్రధాని అయ్యాడు గనుక పోటీ పెట్టనని ఎన్టీఆర్ ప్రకటించాడు. 1984లో ఏ ఎన్టీఆర్ గాలి ఆయన్ని ఓడించిందో అదే ఎన్టీఆర్. బీజేపీ తరఫున బంగారు లక్ష్మణ్ నిలబడ్డాడు. పీవీ ఊళ్ళోకి వచ్చిన రోజున నాకు సెలవు దొరకలేదు. బజారంతా ఖాళీ అయ్యి బ్రాంచిలో నేను, ఒక ఫ్యాను మిగిలాం.

ఆ తర్వాత ఎలక్షన్ డ్యూటీ పడింది. పోలింగు ఆఫీసరు. నవంబరులో ఒక సాయంత్రం ఇనప బ్యాలెట్ పెట్టెలు, లక్క, సీళ్ళు, సిరా సీసాలు ఎత్తుకుని లారీలో నల్లమల అంచున ఒక ఊరికి చేరాం. రాత్రి బడిలోనే బెంచీలు కలిపి పడుకున్నాం. ఆ ఊరివాళ్ళు జొన్నరొట్టెలు, చెనిక్కాయల చట్నీ తెచ్చిపెట్టారు. ఎవరి తరఫున తెచ్చారని మా ప్రిసైడింగ్ ఆఫీసరు అనుమానంగా అడిగితే, "ఇంగ తరఫులు ఏడుండాయి సార్, అందురూ ఒకటే గదా ఈ తూరి" అన్నారు.

నాది వేలి మీద సిరా గుర్తు పెట్టే పని. పొద్దున ఏడు నుంచి వేళ్ళే చూశాను, ముఖాలు చూడలేదు. పత్తి తీసి పగిలిన వేళ్ళు, పసుపు వేళ్ళు, సగం తెగిన వేలు. ఒక ముసలాయన బ్యాలెట్ పేపరు తీసుకుని అట్ట చాటుకు పోయి ఎంతకీ రాడు. చివరికి తల బయటికి పెట్టి కేక వేశాడు: "సైకిలు యాడికి పాయ?" ఏజెంట్లు పగలబడి నవ్వారు. ప్రిసైడింగ్ ఆఫీసరుకు చెమటలు. సైకిలు లేదు తాతా అంటే, "మా రామారావు నిలబడలేదా? అయితే ఆయన ఎవురికి యెయ్యమన్నాడు?" అన్నాడు. మేం నోరు విప్పకూడదు. వరసలో నిలబడ్డ ఒకావిడ విసుక్కుని ఆయనకు చెప్పేసింది. ఆ ఓటు చెల్లుతుందా లేదా అని మాలో మేం పావుగంట వాదించుకున్నాం. చెల్లనిచ్చాం. ఆ తప్పు ఇన్నేళ్ళకు ఒప్పుకుంటున్నాను.

నా పేరు నంద్యాల ఓటర్ల జాబితాలో ఉంది. డ్యూటీలో ఉన్నవాళ్ళు పోస్టల్ బ్యాలెట్‌కు అర్జీ పెట్టుకోవాలి. పెట్టుకుందాం పెట్టుకుందాం అనుకుంటూ గడువు దాటించాను. ఈయన గెలుపుకు నా ఓటు ఎందుకులే అనుకున్నాను. నిజమే, అక్కర్లేకపోయింది. 5 లక్షల 80 వేల మెజారిటీ! గిన్నిస్ రికార్డని పేపర్లు రాశాయి. హనుమకొండ బాకీ పదింతలు వడ్డీతో తీరిందని నేను బాపుకు ఉత్తరం రాశాను. "తీర్చింది వాళ్ళు, బాకీ మనది" అని జవాబొచ్చింది.

మా హెడ్ క్యాషియరు ముస్లిం. నంద్యాల పాతబస్తీ మనిషి, రిటైర్మెంటుకు దగ్గర పడ్డవాడు. ఆ ఉప ఎన్నికలో ఇంటిల్లిపాదినీ రిక్షాలో తీసుకుపోయి ఓటు వేయించి, మర్నాడు కౌంటర్లో అందరికీ సిరా వేలు చూపించాడు. 1992 డిసెంబరు 6 ఆదివారం. బాబ్రీ మసీదు కూలగొట్టారు. ఆ సాయంత్రం దాకా ప్రధాని ఏం చేస్తున్నాడని దేశమంతా అడిగింది, ఇప్పటికీ అడుగుతూనే ఉంది. రాష్ట్ర ప్రభుత్వం మాట ఇచ్చింది, కోర్టుకు అఫిడవిట్ ఇచ్చింది, రాజ్యాంగం ఇంతవరకే ఒప్పుకుంటుంది... ఆయన తరఫు వాదన అంతా నాకు తెలుసు. ఆ వాదన నేనే ఎన్నోసార్లు చేశాను కూడా. బ్రాంచి తెరిచిన రోజు హెడ్ క్యాషియరు నోట్లు లెక్కపెడుతూ, తల ఎత్తకుండా నాతో అన్నాడు:

"ఆ ఐదు లక్షల ఎనభై వేలల్లో మా ఇంటివి తొమ్మిది ఉండాయప్పా."

లెక్క తప్పలేదు ఆయనకు. కట్ట కట్టి, చీటీ అంటించి, పక్కన పెట్టాడు. నా దగ్గర దానికి జవాబు లేదు. పీవీ గురించి మంచి రాయబోయినప్పుడల్లా ఆ తొమ్మిది ఓట్లు అడ్డం వస్తాయి, రావాలి కూడా.

తర్వాతి సంగతులు అందరికీ తెలిసినవే, గబగబా దాటేస్తాను. మైనారిటీ ప్రభుత్వాన్ని ఐదేళ్ళూ నడిపాడు. 1993 జులైలో అవిశ్వాస తీర్మానం 265–251తో గట్టెక్కింది. ఎలా గట్టెక్కిందన్నది తర్వాత కోర్టుకెక్కింది. 1996లో నంద్యాలలోనూ ఒడిశాలో బరంపురంలోనూ నిలబడి రెండూ గెలిచి, బరంపురం ఉంచుకున్నాడు. నేను అప్పటికి హైదరాబాద్ వచ్చేశాను. మా పాత అటెండరు ఎస్టీడీ బూతు నుంచి ఫోన్ చేసి మరీ తిట్టాడు: "మీవోడు మమ్మల్ని ఇడిసిపెట్టి ఒరియావాళ్ళకాడికి పాయనే!" మంథని, హనుమకొండ, రాంటెక్, నంద్యాల, బరంపురం. ఎక్కడా నిలవలేదు. 1998లో సొంత పార్టీ టికెట్టే ఇవ్వలేదు.

2000లో ప్రత్యేక కోర్టు ఎంపీలకు ముడుపుల కేసులో శిక్ష వేసింది. 2002లో ఢిల్లీ హైకోర్టు కొట్టేసింది. బాపు రెండు వార్తలూ కత్తిరించి ఆ కాకతీయ పత్రిక మూటలోనే పెట్టాడు. "శిక్ష పడ్డ వార్త జానెడు, ఇడిసిపెట్టిన వార్త బెత్తెడు" అని చూపించాడు. 2003లో బాపు పోయాడు. మూట నా దగ్గరికి వచ్చింది.

2004 డిసెంబరు 23న ఢిల్లీలో పీవీ పోయాడు. పార్టీ ఆఫీసు గేటు తెరవలేదని, శవపేటిక బండి బయటే ఆగిందని టీవీలో చూశాను. రెండు రోజుల తర్వాత జూబ్లీహాల్లో ఉంచారంటే పోయాను. క్యూ ఉంది గానీ మరీ పెద్దదేం కాదు. ఒక సినిమా నటుడు పోతే వచ్చే జనంలో పదోవంతు ఉండదు. నా ముందు ఖద్దరు కట్టిన ముసలాయన ఒకరు. మాటల్లో ఏ ఊరు బాబూ అని అడిగాడు. హనుమకొండ అన్నాను.

"ఓహో, ఓడగొట్టింది మీరే గదా!"

"నాకప్పుడు ఓటు లేదండీ" అన్నాను. నలభై ఏళ్ళు వచ్చినా బడి పిల్లవాడిలా సంజాయిషీ చెప్పుకున్నాను.

అద్దం వెనక ముఖం. పెదవి అలాగే ముందుకు ఉంది, ఎవరో లెక్క తప్పు చేస్తున్నట్టు. రెండు క్షణాలు కూడా నిలబడనివ్వలేదు, నడవండి నడవండి అన్నారు. ఆ సాయంత్రం హుస్సేన్ సాగర్ ఒడ్డున దహనం. రాత్రి టీవీలో ఆ చితి గురించి వచ్చినవి నేను చూడకుండా కట్టేశాను. వాటి గురించి ఇక్కడ రాయను.

హాలు బయటికొచ్చి హనుమకొండకు ఫోన్ చేశాను. అమ్మ ఎత్తింది. చూసి వచ్చానమ్మా అన్నాను. కాసేపు ఏం మాట్లాడలేదు. టీవీ చప్పుడు వినిపిస్తోంది.

"మీ బాపు పువ్వు పువ్వు అని చెవుల జోరీగ లెక్క చెప్పిండు గదా ఆనాడు" అంది.

"అవును."

"నేను చెయ్యి మీదనే గుద్దిన. మా తల్లిగారి దిక్కోడాయె, ఎట్ల ఇడిసిపెడుత?"

ఇరవై ఏళ్ళు! బాపుకు ఎప్పుడూ చెప్పలేదా అన్నాను.

"ఆయన కోపం ఆయనది" అని, అన్నం తిన్నావా అని అడిగింది.